ఆట ఉన్నంతసేపూ అమ్మ వరండాలో

శనివారం మధ్యాహ్నం భోజనాలు కాగానే నేను ఫోనుని టీవీకి కలిపేదాన్ని. నాన్న తన ప్లాస్టిక్ కుర్చీని గోడకి ఆనించి, భుజాన తువ్వాలు వేసుకుని కూర్చునేవాడు. మా కిటికీ బయట ఎండ మండుతూ ఉంటే, తెర మీద ఆస్ట్రేలియాలో పొద్దువాలి, మైదానంలో దీపాలు వెలిగి, ఆటగాళ్ళు వరసగా నిలబడి ఉండేవారు. సరిగ్గా అప్పుడు అమ్మ లేచేది. తరగాల్సిన కూర ఏదుంటే అది పళ్ళెంలో వేసుకుని, కత్తిపీట చంకన పెట్టుకుని, వరండాలోకి వెళ్ళి తలుపు దగ్గరగా లాగేది. ఆట అయ్యేదాకా లోపలికి వచ్చేది కాదు.

వెళ్ళమని ఎవరూ చెప్పక్కర్లేకుండా పోయింది. మొదట్లో చెప్పేవాళ్ళం. మొట్టమొదట చెప్పింది నేనే.

కలకత్తాలో, అందులోనూ గార్డెన్ రీచ్‌లో, ఒక తెలుగు ఇంట్లోకి ఆస్ట్రేలియా ఫుట్‌బాల్ లీగు ఎలా వచ్చి కూర్చుందని అడుగుతారు. మా ఆఫీసులోనూ అడిగారు. మా తాత శ్రీకాకుళం వైపు నుంచి ఇక్కడి రేవుకి బస్తాలు మొయ్యడానికి వచ్చాడు. నాన్న అదే రేవులో క్రేన్ నడిపి రిటైరయ్యాడు. తాతకి ఊరిమీద బెంగ ఉండేది, నాన్నకి అదీ లేదు. ఆయనకున్నదల్లా ఒక ఫుట్‌బాల్ జట్టు. ఈ ఊళ్ళో ఒక జట్టు గెలిస్తే రొయ్యల ధర పెరుగుతుంది, ఇంకో జట్టు గెలిస్తే పులస ధర పెరుగుతుంది. మాది రొయ్యల ఇల్లు. ఇంట్లో మగపిల్లలు లేకపోవడంతో మైదానానికి నాన్న నన్నే భుజాన వేసుకుని తీసుకెళ్ళేవాడు. అలా ఆ పిచ్చి నాకూ అంటింది.

మా జట్టుకి కొన్నేళ్ళ కింద ఆస్ట్రేలియా నుంచి ఒక ఫార్వర్డు వచ్చాడు. పొట్టివాడు, మొండివాడు, కింద పడితే రిఫరీ వైపు చూడకుండా లేచి పరిగెత్తేవాడు. నాన్న అతన్ని పేరుతో పిలవనే లేదు. 'మనోడు' అనేవాడు. మనోడికి జలుబు చేసిందని పేపర్లో వస్తే మా ఇంట్లో మిరియాల చారు ప్రస్తావన వచ్చేది. ఒప్పందం ముగిసి అతను తన దేశానికి వెళ్ళిపోయి అక్కడ సముద్రం ఒడ్డున ఉన్న ఒక చిన్న ఊరి జట్టులో చేరాడు. నాన్న వారం రోజులు అన్నం సరిగ్గా తినలేదు. చూడలేక నేనే ఫోనులో వెతికి, ఆ లీగు ఆటలన్నీ ఇక్కడ కూడా చూడొచ్చని కనిపెట్టాను. అంత మంచి పని చేశానని చాలా రోజులు మురిసిపోయాను.

మొదటి ఆట అక్టోబరులో, దుర్గాపూజ పందిళ్ళు ఇంకా విప్పకుండానే వచ్చింది. మనోడి జట్టు ఒక గోలు వెనక ఉంది. అమ్మ మాతోపాటే గదిలో కూర్చుని తోటకూర బాగుచేస్తోంది. మబ్బు పట్టిందని బట్టలు తియ్యడానికి వరండాలోకి వెళ్ళింది. వెళ్ళగానే మనోడు తలతో బంతిని లోపలికి కొట్టాడు. మేమిద్దరం వేసిన కేకకి అమ్మ చేతిలో తడిబట్టలతోనే పరిగెత్తుకొచ్చి, "ఏటి, ఏటయ్యింది?" అంది. ఆవిడ ఆ మాట అంటూండగానే అవతలివాళ్ళు గోలు కొట్టారు.

నాన్న నెత్తి కొట్టుకుని నవ్వాడు. నేనూ నవ్వుతూ, "అమ్మా, నువ్వెళ్ళి మిగతా బట్టలు కూడా తియ్యి" అన్నాను.

అమ్మ కూడా నవ్వి వెళ్ళింది. ఆట ముగిసేలోగా మనోడి జట్టు ఇంకో గోలు కొట్టి సమం చేసింది.

తర్వాతి వారం సరదాకి పరీక్ష పెట్టాం. అమ్మ వరండాలో, మేం లోపల. గెలిచాం. ఆ పై వారమూ గెలిచాం. ఇక అదే నియమమైపోయింది.

ఈ ఊళ్ళో ఇది వింతేమీ కాదు. గెలుపు కోసం పాటించే ఇలాంటి నమ్మకాన్ని ఇక్కడ తుక్ అంటారు. నాన్నతోపాటు మైదానానికి వచ్చే ఒక రేవు కూలీ పెనాల్టీ వచ్చినప్పుడల్లా వెనక్కి తిరిగి నిలబడేవాడు, జీవితంలో ఒక్క పెనాల్టీ కూడా చూడలేదట. ఇంకొకాయన ఆట రోజు చెప్పులు వేసుకోడు. మా ఇంట్లోనూ ముగ్గురికీ తలో నియమం ఉందని నేను అందరికీ గొప్పగా చెప్పుకునేదాన్ని. జట్టు ఓడిపోయేదాకా నాన్న ఆ తువ్వాలు ఉతకనిచ్చేవాడు కాదు. నేను కుర్చీలో కాకుండా నేలమీద, మంచం కోడుకి ఆనుకునే కూర్చోవాలి. అమ్మ వరండాలో ఉండాలి. ఇందులో తేడా ఏమిటో ఆ సీజనంతా నాకు తట్టనేలేదు. మా నియమాలు మమ్మల్ని టీవీ ముందు కూర్చోబెట్టాయి. అమ్మది ఆవిణ్ణి తలుపు బయట పెట్టింది.

వరండాలో అమ్మ కనిపిస్తే ఆస్ట్రేలియాలో ఆట మొదలైందని మా సందులో అందరికీ తెలిసిపోయేది. ఎదురింటి బెంగాలీ అమ్మాయి పిట్టగోడ మీంచి, "కీ మాశిమా, ఖేలా చోల్ఛే?" అని అరిచేది. ఆట నడుస్తోందా పిన్నీ అని. అమ్మ కత్తిపీట మీంచి తలెత్తి, "హ్యాఁ, చోల్ఛే" అనేది. ఎంతో గర్వంగా అనేది. ఆ గొంతు విని ఆవిడ కూడా మాతో ఆడుతోందనే అనుకున్నాను.

జనవరిలో మా ఊరికి చలి, వాళ్ళకి మండువేసవి. అక్కడ ఆటగాళ్ళు ఎండదెబ్బకి మధ్యలో ఆట ఆపి నీళ్ళు తాగుతూ ఉంటే, ఇక్కడ నాన్న కోతిటోపీ పెట్టుకుని చూసేవాడు. "ఎండలో ఆడిత్తన్నారు, పాపం, గుంటలు" అని ఆ కుర్రాళ్ళమీద జాలిపడేవాడు. హుగ్లీ మీంచి వచ్చే గాలికి వరండాలో అమ్మ శాలువా కప్పుకుని గోడవారగా ముడుచుకుని కూర్చునేది. ఆట సగంలో టీ మాత్రం ఆవిడే ఇవ్వాలి. వంటింటి కిటికీ వరండాలోకి తెరుచుకుంటుంది. నేను విరామంలో టీ మరిగించి, కిటికీలోంచి అమ్మకి అందిస్తే, అమ్మ మళ్ళీ అదే కిటికీలోంచి ఆ గ్లాసులు మాకు అందించేది. ఎందుకంటే గెలిచిన మొదటి వారం టీ అమ్మ చేతిమీదుగానే వచ్చింది కదా. ఒకసారి గ్లాసు అందుకుంటుంటే ఆవిడ వేళ్ళు తగిలాయి. మంచులా ఉన్నాయి. అయ్యో అనుకున్నాను. నిజంగానే అనుకున్నాను. ఇంతలో లోపలినించి నాన్న కార్నర్, కార్నర్ అని అరిచాడు, నేను గ్లాసులు పట్టుకుని పరిగెత్తాను.

ఫిబ్రవరిలో ఒక ఆట మధ్యలో గ్యాసుబండ పట్టుకుని మనిషి వచ్చాడు. ఖాళీ బండ వంటింట్లో ఉంది. వంటింట్లోకి పోవాలంటే మేం కూర్చున్న గది దాటాలి. మేమిద్దరం తెరకి అతుక్కుపోయి ఉన్నాం. గ్యాసతను మెట్ల మీద నిలబడి తొందరపెడుతున్నాడు. అమ్మ కాసేపు తలుపు దగ్గర తచ్చాడి, చివరికి చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని, గోడవారగా, టీవీ వైపు చూడకుండా, చప్పుడు చెయ్యకుండా గది దాటింది. దాటుతుండగా మా గోలీ చేతిలోకి వచ్చిన బంతిని జారవిడిచాడు. గోలు. ఆ ఆట ఓడిపోయాం.

నాకు ఒళ్ళు మండిపోయింది. నా కోపం ముక్కుమీద ఉంటుందని ఇంట్లో అందరికీ తెలుసు. "చూశావా? నీ కాలు ఇంట్లో పడగానే ఇలా అవుతుంది!" అని అరిచాను.

అమ్మ ఖాళీ బండని నేలమీద దొర్లించుకుంటూ మెట్లదాకా తీసుకెళ్ళింది. నాన్న, "పోన్లేవే, గోలీ వెధవ జారిస్తే అదేటి సేస్తాది" అన్నాడు గాని, అమ్మకి వినపడేలా అనలేదు. సాయంత్రం నేను సందు చివర దుకాణం నుంచి అమ్మకిష్టమని నొలెన్ గుడ్ సందేశ్, ఈతబెల్లంతో చేసే మిఠాయి, తెచ్చాను. అమ్మ తిని, బాగుందంది. లెక్క సరిపోయిందనుకున్నాను.

నేను అరిచిన ఆ మాట నాది కాదు. మా నాయనమ్మది.

అమ్మ పెళ్ళై శ్రీకాకుళం నుంచి రైల్లో వచ్చి, హౌరాలో దిగి, ఈ ఇంట్లో కుడికాలు పెట్టిన వారంలోనే రేవులో తాడు తెగి, బస్తాలు తాత కాలిమీద పడ్డాయి. తాత మళ్ళీ పనిలోకి వెళ్ళలేదు. "దీని కాలు ఇంట్లో పడగానే మా ఇంటి పెద్దోడి కాలు ఇరిగింది" అని నాయనమ్మ తన బతుకంతా చెప్పింది. తిట్టినట్టు కాదు. వచ్చిన చుట్టాలకి కబురు చెప్పినట్టు, నవ్వుతూ చెప్పేది. ఆ చుట్టాలకి టీ పోసేది అమ్మే. చిన్నప్పుడు నేను కూడా ఆ కథకి నవ్వేదాన్ని. నాన్న క్రేన్ పరీక్షకి బయల్దేరిన రోజు ఆయన సందు మలుపు తిరిగేదాకా అమ్మ వంటింట్లోనే ఉండిపోయింది. నా పదో తరగతి ఫలితాలు వచ్చిన రోజు అందరూ గదిలో ఉంటే అమ్మ వరండాలో నిలబడింది. అమ్మకి సిగ్గెక్కువ అని నేను స్నేహితురాళ్ళకి చెప్పేదాన్ని. నాయనమ్మ పోయాక చాలా ఏళ్ళకి గాని అమ్మ ముందుగదిలో మా మధ్య కూర్చోవడం మొదలుపెట్టలేదు. ముందు గుమ్మం దగ్గర, తర్వాత మంచం అంచున, ఆ తర్వాత టీవీ ఎదురుగా. అన్నేళ్ళు నడిచి లోపలికి వచ్చిన మనిషిని నేను ఒక్క అక్టోబరు మధ్యాహ్నం నవ్వుతూ మళ్ళీ బయటికి పంపేశాను.

ఇవన్నీ నాకు తెలియనివి కావు. తెలుసు. తెలిసి కూడా రెండింటినీ పక్కపక్కన పెట్టి చూడలేదు. ఫుట్‌బాల్ ఒక గదిలో, నాయనమ్మ ఇంకో గదిలో ఉన్నట్టు బతికాను. ఆడదాన్నై ఉండి, నాన్న భుజాలమీద ఎక్కి మగవాళ్ళ మైదానంలోకి పోయినదాన్నై ఉండి, తలుపు బయట నిలబడ్డవాళ్ళ సంగతి నాకే ముందు తెలియాలి. నాన్నకన్నా నాదే ఎక్కువ తప్పు అనిపిస్తుంది నాకు.

ఏప్రిల్లో, వేసవి అయిపోయిందని అక్కడి గడియారాలు గంట వెనక్కి తిప్పడంతో ఆటలు మాకు ఒక గంట ఆలస్యంగా వచ్చేవి. నాన్న దానికి కూడా విసుక్కున్నాడు. "కిందకి పడిపోవడం అనేదే నేని లీగు. గడియారమూ వాళ్ళ ఇష్టమేనా?" అనేవాడు. చివరి స్థానంలో నిలిచిన జట్టుని కింది లీగుకి పంపించరని ఆయనకి ఆ లీగుమీద చిన్నచూపు. అయినా మనోడి జట్టు నాకౌట్ ఆటలకి అర్హత సంపాదించిన రోజు పిల్లాడిలా చప్పట్లు కొట్టాడు. వరండాలోంచి అమ్మ తలుపు సందులో మొహం పెట్టి, లోపలికి రాకుండానే, "గెలిసేరా?" అని అడిగింది. చెమటకి జాకెట్టు వీపుకి అంటుకుపోయి ఉంది. "గెలిసేం. అంతా నీ చలవే" అన్నాడు నాన్న. అమ్మ ముఖం వెలిగింది. ఆ వెలుగు గుర్తొస్తే ఇప్పుడు, నేను ఆవిణ్ణి తిట్టినదానికన్నా అదే నన్ను ఎక్కువ బాధపెడుతుంది.

నాకౌట్ ఆట ఇంకా కొన్ని రోజులుందనగా, ఒక ఉదయం నాన్న చేపల సంచితో మెట్లెక్కుతూ సగంలో కూర్చుండిపోయాడు. నేను ఆఫీసుకి దిగుతున్నాను. "ఏటో ఛాతీ మీద బస్తా ఎట్టినట్టుందే" అన్నాడు. చొక్కా తడిసిపోయింది. సందులో కుర్రాళ్ళు ఎత్తి టాక్సీలో పడుకోబెట్టారు. భవానీపూర్‌లో మా ఆఫీసుకి దగ్గరలోనే ఉన్న ఆసుపత్రికి తీసుకెళ్ళాం. గుండె నాళం మూసుకుపోయిందని వెంటనే లోపలికి తీసుకెళ్ళి తెరిచారు. గండం గడిచింది, కొన్ని రోజులు ఐసీయూలో ఉండాలన్నారు. సాయంత్రం ఒక్కొక్కరు వెళ్ళి కాసేపు చూసి రావచ్చన్నారు.

"నువ్వు ముందెళ్ళమ్మా" అన్నాను.

"నువ్వెల్లు. నాను ఇక్కడే ఉంటాను" అంది అమ్మ. ఆసుపత్రి గేటు పక్కన టీకొట్టు బల్లమీద, చేతిలో నాన్న కళ్ళజోడు పట్టుకుని కూర్చుంది. భయపడుతోంది కాబోలనుకుని బలవంతపెట్టలేదు.

లోపల నాన్న గొట్టాల మధ్య చిన్నగా కనిపించాడు. కళ్ళు తెరవగానే, "మీ యమ్మేదే?" అన్నాడు.

"కిందుంది నాన్నా. రేపొస్తుంది."

మర్నాడూ అమ్మ గేటు దగ్గరే ఆగిపోయింది. నాన్న నన్ను చూసి, నా వెనక చూసి, మళ్ళీ నన్ను చూశాడు. "నామీద కోపమేటే దానికి?" అన్నాడు. గొంతులో బలం లేదు. "ఏటైనా అయిపోనాదంటే సూడకుండా పోతాను. బేగి రమ్మను." నర్సు ఎక్కువ మాట్లాడించొద్దని నన్ను పంపేసింది.

నేను కోపంతోనే కిందికి దిగాను. "ఏమిటమ్మా నీ మొండితనం? అక్కడ ఆయన నీకోసం కొట్టుకుంటున్నాడు. రెండు అంతస్తులు ఎక్కలేవా?"

అమ్మ నావైపు చూడకుండా కళ్ళజోడు కొంగుతో తుడుస్తూ, "నాను లోపలికెల్తే ఏటవుద్దో నీకు తెల్దా?" అంది.

"ఏమవుతుంది?"

"నువ్వే అన్నావు కదే. నా కాలు పడితే ఏటవుద్దో."

నాకు ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక దాదాపు అరిచాను. "అమ్మా! అది ఫుట్‌బాల్! ఎక్కడో ఆస్ట్రేలియాలో ఆడే ఆట! సముద్రాల అవతల!"

"అదే సెప్తన్నాను. అంత దూరంలో ఉన్న ఆటకే తగిలిందంటే, ఇక్కడ మంచమ్మీదున్న మడిసికి తగల్దా?"

తగిలిందని సీజనంతా సాక్ష్యం చెప్పినదాన్ని నేనే. ప్రతివారం, గోలు గోలుకీ, ఋజువులు చూపించినదాన్ని నేనే. టీకొట్టతను మమ్మల్నిద్దరినీ చూసి రెండు టీలు పెట్టాడు.

ఆ శనివారం మనోడి జట్టు నాకౌట్ ఆట. అమ్మని గేటు దగ్గర వదిలి నేను పైన ఐసీయూ బయట బల్లమీద కూర్చుని ఫోనులో చూశాను. జీవితంలో మొదటిసారి మా జట్టు ఓడిపోవాలని కోరుకున్నాను. మనోడు చివర్లో ఒంటరిగా గోలు ముందుకి వెళ్ళి బంతిని పైకి కొట్టేశాడు. ఓడిపోయారు. అతను మోకాళ్ళమీద కూలబడితే నేను గబగబా మెట్లు దిగి అమ్మ దగ్గరికి పరిగెత్తాను.

"చూడు, ఓడిపోయారు! నువ్వు దరిదాపుల్లో లేవు. ఆట వైపే చూడలేదు. అయినా ఓడిపోయారు. నీవల్ల కాదమ్మా, ఎప్పుడూ నీవల్ల కాదు!"

అమ్మ ఫోను చేతిలోకి తీసుకుని, కూలబడిన మనోణ్ణి జాలిగా చూసింది. తర్వాత తాపీగా అంది: "మీ నాన్న కుర్సీలో నేడు. తువ్వాలు నేదు. నువ్వు మంచంకోడు కాడ కూకోనేదు. నా సేతి టీ నేదు. మరి ఓడిపోరేటి?"

నేను నేర్పిన పాఠం నాకే అప్పజెప్పింది. అంత బాగా నేర్చుకుందని నాకు తెలీదు.

ఆ సాయంత్రం నాన్నతో దాచలేకపోయాను. గుండె జబ్బు మనిషికి ఇలాంటివి చెప్పకూడదని తెలుసు, కాని అమ్మ రావడంలేదన్న బాధకన్నా ఇది తక్కువే అనిపించింది. గ్యాసుబండ నాడు నేనన్న మాట, అమ్మ గేటు దగ్గర అన్న మాట, రెండూ చెప్పాను. నాన్న పైకప్పు చూస్తూ విన్నాడు. కంటి చివరనించి నీళ్ళు చెవిలోకి జారాయి.

"మాయమ్మ అన్నప్పుడు ఊరుకున్నాను. నువ్వన్నప్పుడూ ఊరుకున్నాను" అన్నాడు. తర్వాత నావైపు తిరిగి, "తప్పు నేదని సెప్తే అది ఇనదు. ఆట అయిపోనాదని సెప్పు. సీజనే అయిపోనాదని సెప్పు. ఆట నేనప్పుడు లోపలికి రావొచ్చు కదా" అన్నాడు.

నేను వెళ్ళి ఆ మాటే చెప్పాను. అమ్మ ఆలోచించింది. "పూర్తిగా అయిపోనాదా?"

"మన జట్టుకి అయిపోయింది."

"మరెప్పుడు మొదలు?"

"అక్టోబరులో."

"అయితే ఒస్తాను" అంది.

ఐసీయూ తలుపు దగ్గర చెప్పులు విప్పింది. గుమ్మం ముందు ఒక్క క్షణం ఆగి, కుడికాలు ముందు లోపల పెట్టింది. పెళ్ళై నలభై ఏళ్ళు దాటిన మనిషి, కొత్తకోడలు పెట్టినట్టు పెట్టింది. నేను తలుపు అద్దంలోంచి చూస్తున్నాను. నాన్న చెయ్యి చాపాడు. అమ్మ ఆ చెయ్యి పట్టుకోలేదు. మంచం కాళ్ళ దగ్గర నిలబడి, మంచం పైనున్న తెరమీద కదిలే ఆకుపచ్చ గీత వైపు చూస్తూ ఉండిపోయింది. ఆ గీత అలాగే సాగుతోందని నమ్మకం కుదిరాకే నాన్న మొహం చూసింది.

నాన్న ఇంటికి వచ్చాడు. ఆ వేసవిలో ఒక మధ్యాహ్నం నేను అమ్మ కాళ్ళు ఒళ్ళో పెట్టుకుని నూనె రాస్తూ, తప్పైపోయిందని చెప్పాను. ఏడ్చాను కూడా. "ఓసి పిచ్చిదానా, నవ్వులాటకి అన్నావు, నాకు తెల్దేటి?" అని నా తల నిమిరింది. క్షమించడానికి ఆవిడకి ఒక్క నిమిషం పట్టలేదు. మరి నాకెందుకు తేలికపడలేదో కొన్నాళ్ళకి తెలిసింది. ఆఫీసులో ప్రమోషన్ ఇంటర్వ్యూకి నేను బయల్దేరుతుంటే అమ్మ వంటింట్లోకి వెళ్ళి, నేను సందు మలుపు తిరిగేదాకా బయటికి రాలేదు. అమ్మకి నామీద కోపం లేదు. ఉంటే బాగుండేది. కోపమైతే పోతుంది.

అక్టోబరు మళ్ళీ వచ్చింది. మనోడికి వయసు మీదపడి మొదటి పదకొండు మందిలో చోటు పోయింది, మైదానం పక్కన బల్లమీద కూర్చుని ఉన్నాడు. ఈసారి నాన్న ముందే తువ్వాలు ఉతికించేశాడు. నేను కావాలని కుర్చీలో కూర్చున్నాను. ఆటగాళ్ళు వరసగా నిలబడగానే అమ్మ చిక్కుళ్ళ పళ్ళెం తీసుకుని లేచింది.

"ఎక్కడికే? కూకో. నా పక్కన కూకో" అన్నాడు నాన్న.

"ఎందుకులెండి..."

"ఓడిపోతే ఓడిపోనీ. నువ్వు కూకో."

నేను లేచి తలుపు మూసి గడియ పెట్టాను. అమ్మ మంచం అంచున, పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఎదురింటి అమ్మాయి వరండాలో అమ్మ లేకపోవడం చూసి, ఇవాళ ఆట లేదా మాశిమా అని అరిచింది. ముగ్గురం నవ్వుకున్నాం. మా జట్టు ఒక గోలు కొట్టింది. అమ్మ లోపల ఉండగానే కొట్టింది. నాన్న, "సూసేవా, సూసేవా?" అని అమ్మ మోకాలి మీద చరిచాడు. అమ్మ చిక్కుడుకాయ ఈనె తీస్తూ నవ్వింది. ఆ గదిలో చాలా కాలానికి నేను హాయిగా ఊపిరి పీల్చుకున్నాను. మనోణ్ణి చివర్లో దింపారు. నాన్న చప్పట్లు కొట్టాడు.

ఆట ముగియబోతూ ఉండగా అవతలివాళ్ళు గోలు కొట్టారు. దూరంనుంచి తన్నిన బంతి, మనోడి భుజానికి తగిలి దారి మళ్ళి లోపలికి పోయింది.

"పోతే పోనీ" అన్నాడు నాన్న వెంటనే, గట్టిగా.

కాని బంతి వలలో పడిన ఆ క్షణంలో, నేను పిలవకుండానే, నా తలలోకి ఒక మాట వచ్చింది: అమ్మ లోపలుంది. దాన్ని తరిమేసేలోగా తల తిప్పాను. అమ్మ టీవీ చూడడం లేదు. గోలు పడ్డప్పటినుంచీ నా మొహమే చూస్తోంది.

నేను నవ్వాను. కాని ఆ నవ్వు కొంచెం ఆలస్యమైంది. అమ్మ పళ్ళెం తీసుకుని, గడియ తీసి వరండాలోకి వెళ్ళింది.